మెఫీబోషెతు - మెరీబ్బయలు: ఒక హీబ్రూ పురుషనామ పరిశీలన

ప్రస్తావన

హీబ్రూ బైబిలులో సౌలు రాజవంశ వృత్తాంతం చెప్పే సందర్భంలో మెఫీబోషెతు అనే పురుషనామం కనబడుతుంది. ఇది చాలా అరుదైన పేరు. ఆ గ్రంథ సముదాయం మొత్తంలో ఈ పేరు గలవారు ఇద్దరే. ఇద్దరూ సౌలు కుటుంబానికి చెందినవారే. ఒకరు సౌలు మనుమడు, యోనాతాను కుమారుడు. మరొకరు రిస్పా అనే ఉపపత్నియందు సౌలుకు పుట్టిన కుమారుడు. వీరిలో మొదటివాని పేరు సమూయేలు రెండవ గ్రంథంలో ఒక విధంగానూ, దినవృత్తాంతముల మొదటి గ్రంథంలో వేరొక విధంగానూ లిఖితమై ఉంది. అక్కడ మెఫీబోషెతు, ఇక్కడ మెరీబ్బయలు. ఈ రెండు రూపాలలో తండ్రి పెట్టిన పేరు ఏది? రెండవది ఎట్లా ఏర్పడింది? పేర్ల అర్థాలను తెలిపే చిన్న పుస్తకాలు తరచుగా చెప్పే "అవమానం" అనే అర్థం ఆ బాలునికి నిజంగా వర్తిస్తుందా? ఈ మూడు ప్రశ్నలను పరిశీలించడం ఈ వ్యాసోద్దేశం.

ఈ విషయం సెమిటిక్ భాషాధ్యయనానికి సంబంధించినదే అయినా, తాళపత్ర ప్రతులతో, పాఠాంతరాలతో నిత్యం పనిచేసే ప్రాచ్యభాషాధ్యాపకులకు ఇందులో పరిచిత సమస్యలే గోచరిస్తాయి. లేఖకుడు మూలాన్ని సవరించాడా, లేక మనమే మూలాన్ని అపార్థం చేసుకున్నామా అన్నది ఇక్కడి ప్రధాన వివాదం. కాగా విషయాన్ని పూర్వపక్ష, పక్షాంతర, సిద్ధాంత క్రమంలో వివరించడం సౌలభ్యంగా ఉంటుందని భావిస్తున్నాను.

కథాసందర్భం

గిల్బోవ పర్వతం మీద ఫిలిష్తీయులతో జరిగిన యుద్ధంలో సౌలు, యోనాతాను మరణించారు. ఆ వార్త వినగానే యోనాతాను కుమారుణ్ణి ఎత్తుకొని దాది పారిపోయింది. ఆ తొందరలో బాలుడు కిందపడి రెండు కాళ్లూ కుంటివైపోయాయి. అప్పటికి అతని వయస్సు అయిదేండ్లు. తరువాత చాలాకాలానికి దావీదు రాజు యోనాతానుతో తనకు గల మైత్రిని తలచుకొని, లోదెబారు అనే ఊరిలో మాకీరు ఇంట తలదాచుకొన్న ఆ యువకుణ్ణి పిలిపించాడు. సౌలు భూములన్నీ అతనికి తిరిగి ఇచ్చి, తన పంక్తిలో నిత్యం భోజనం చేసే గౌరవం కల్పించాడు. భూముల సేద్యాన్ని సౌలు సేవకుడైన సీబాకు అప్పగించాడు. సీబాకు 15 మంది కుమారులు, 20 మంది దాసులు ఉండేవారని గ్రంథం లెక్క చెబుతుంది.

అబ్షాలోము తిరుగుబాటు సమయంలో సీబా రాజు వద్దకు వచ్చి, తన యజమాని రాజ్యం కోరుకుంటున్నాడని చాడీ చెప్పాడు. రాజు విచారించకుండానే ఆస్తి అంతా సీబాకు ఇచ్చాడు. తిరిగి వచ్చిన తరువాత మెఫీబోషెతు తన నిర్దోషిత్వాన్ని విన్నవించుకొంటే, భూమిని ఇద్దరూ పంచుకోవాలని తీర్పు చెప్పాడు. రాజు క్షేమంగా తిరిగి వచ్చాడు కనుక అంతా సీబాయే తీసుకోవచ్చునని మెఫీబోషెతు బదులిచ్చాడు. ఇదే గ్రంథంలోని 21వ అధ్యాయంలో గిబియోనీయులకు అప్పగింపబడి మరణించిన ఏడుగురిలో రిస్పా కుమారుడైన రెండవ మెఫీబోషెతు ఒకడు. యోనాతాను కుమారుణ్ణి మాత్రం రాజు కాపాడాడు.

ఈ కథలో పేరుకు వివరణ ఎక్కడా లేదు. హీబ్రూ కథనంలో శిశువుకు పేరు పెట్టే సందర్భాలలో కారణం చెప్పడం తరచుగా కనబడే సంప్రదాయం. ఇక్కడ మాత్రం గ్రంథం మౌనం వహించింది. ఈ మౌనాన్ని వ్యాఖ్యాతలు తమ తమ ఊహలతో నింపారు.

రెండు గ్రంథాలు, రెండు రూపాలు

దినవృత్తాంతముల మొదటి గ్రంథం 8వ అధ్యాయంలోను, 9వ అధ్యాయంలోను సౌలు వంశావళి రెండుసార్లు వస్తుంది. అక్కడ యోనాతాను కుమారుడు మెరీబ్బయలు. అతని కుమారుడు మీకా. సమూయేలు గ్రంథంలో మెఫీబోషెతు కుమారుని పేరు కూడా మీకాయే. తండ్రి పేరు, కుమారుని పేరు రెండూ కలుస్తున్నందున ఇద్దరూ ఒకే వ్యక్తి అనడంలో సందేహం లేదు.

ఇది ఒంటరి ఉదాహరణ కాదు. సౌలు అనంతరం కొంతకాలం రాజ్యమేలిన కుమారుణ్ణి సమూయేలు గ్రంథం ఇష్బోషెతు అంటుంది. దినవృత్తాంతములు ఎష్బయలు అంటుంది. న్యాయాధిపతుల గ్రంథంలో గిద్యోనుకు గల మారుపేరు యెరుబ్బయలు. సమూయేలు రెండవ గ్రంథం 11వ అధ్యాయంలో అదే పేరు యెరుబ్బెషెతుగా కనబడుతుంది. మూడుచోట్లా "బయలు" ఉండవలసిన స్థానంలో "బోషెతు" లేదా దాని రూపాంతరం వచ్చింది. నాలుగవ ఉదాహరణ కొంత భిన్నమైనది. దావీదు కుమారులలో ఒకడు దినవృత్తాంతములలో బెయెల్యెదా, అనగా "బయలు ఎరిగినవాడు". సమూయేలు గ్రంథంలో అతడే ఎల్యాదా, "దేవుడు ఎరిగినవాడు". ఇక్కడ బయలు స్థానాన్ని "ఏల్" అనే సాధారణ దేవవాచకం ఆక్రమించింది.

రెండు గ్రంథాలలో దినవృత్తాంతములు కాలం చేత అర్వాచీనం. బబులోను చెర ముగిసిన తరువాత సంకలితమైన గ్రంథమది. అయినా పురాతన నామరూపాలను అదే కాపాడిందని చాలామంది పండితుల అభిప్రాయం. అర్వాచీన గ్రంథంలో ప్రాచీన పాఠం నిలవడం మన సాహిత్యంలోనూ అపూర్వం కాదు. ప్రతి వయస్సు వేరు, పాఠం వయస్సు వేరు అన్నది పాఠపరిష్కరణలో ప్రాథమిక సూత్రం.

బయలు శబ్దార్థం

హీబ్రూలో "బఅల్" అనేది మూడు హల్లుల పదం. మధ్యలో ఉన్నది కంఠబిలంలో పుట్టే "అయిన్" అనే హల్లు. తెలుగులో దానికి సరియైన ధ్వని లేదు. తెలుగు బైబిలులో ఈ పదం "బయలు" అయింది. అచ్చుల నడుమ యడాగమం తెలుగు భాషాప్రకృతికి సహజం కనుక ఈ రూపం ఆ మార్గంలోనే ఏర్పడిందని భావించవచ్చు. బహిరంగ ప్రదేశాన్ని సూచించే తెలుగు "బయలు" శబ్దంతో దీనికి ఏ సంబంధమూ లేదు. ఇది కేవలం ధ్వనిసామ్యం. తెలుగు పాఠకుడు ఈ భ్రమలో పడకుండా ఉండడం అవసరం.

బఅల్ శబ్దానికి ప్రాథమికార్థం యజమాని, ప్రభువు, స్వామి. ఇంటికి యజమాని, పశువుకు యజమాని, భార్యకు భర్త అందరూ బఅల్ శబ్దవాచ్యులే. సంస్కృతంలో "పతి" శబ్దం గృహపతి, పశుపతి, సేనాపతి మొదలైన సమాసాలలో ప్రభుత్వాన్ని, విడిగా భర్తృత్వాన్ని బోధించినట్లే ఇదీ ప్రవర్తిస్తుంది. కనాను దేశంలో వర్షానికీ, పిడుగుకూ అధిదేవత అయిన హదదు ఈ బిరుదుతో ప్రసిద్ధుడు కావడం వల్ల, కాలక్రమంలో సామాన్యనామం విశేషనామంగా రూఢి అయింది.

ప్రాచీన ఇశ్రాయేలులో ఈ పదం యెహోవాకు కూడా బిరుదుగా వాడబడింది. దీనికి గట్టి నిదర్శనం బెయల్యా అనే పేరు. దావీదు పక్షాన చేరిన బెన్యామీనీయులలో ఒకని పేరది. "యెహోవాయే ప్రభువు" అని అర్థం. ఒకే పేరులో రెండు దేవవాచకాలు విశేష్య విశేషణాలుగా నిలిచాయి. సౌలు కుటుంబాన్నే చూస్తే, యోనాతాను పేరుకు "యెహోవా ఇచ్చినవాడు" అని అర్థం. అతని తమ్ముడు ఎష్బయలు, "ప్రభువు మనిషి". ఒకే తండ్రి ఒక కుమారునికి యెహోవా పేరు, ఇంకొక కుమారునికి పరదేవత పేరు పెట్టాడని ఊహించడం కంటె, రెండు పేర్లలోనూ ఒకే దేవుణ్ణి ఉద్దేశించాడని చెప్పడం యుక్తం. ఎష్బయలు ప్రస్తావన రాదగిన సమూయేలు మొదటి గ్రంథం 14వ అధ్యాయంలో సౌలు కుమారుడొకడు "ఇష్వీ" అని పేర్కొనబడ్డాడు. అది "యెహోవా మనిషి" అనే అర్థం గల రూపానికి వికృతి అని చాలామంది పండితులు భావించారు. అదే నిజమైతే ప్రభువు, యెహోవా శబ్దాలు ఆనాడు పరస్పరం మార్చదగినవిగా ఉండేవనడానికి ఇది మరొక సాక్ష్యం.

క్రీ.పూ. 8వ శతాబ్దికి పరిస్థితి మారింది. ప్రవక్త హోషేయ తన గ్రంథం 2వ అధ్యాయంలో, ఇశ్రాయేలు ఇకమీదట తన దేవుణ్ణి "నా బఅల్" అనక "నా పురుషుడు" అని పిలుస్తుందని చెప్పాడు. రెండు పదాలకూ భర్త అనే అర్థం ఉంది. ఆ శ్లేష మీదనే ప్రవచనం నడిచింది. బఅల్ శబ్దం యెహోవాపరంగా వ్యవహారంలో ఉండేదనీ, ప్రవక్త దానిని నిషేధించాడనీ ఈ వాక్యమే తెలుపుతున్నది. ఋగ్వేదంలో వరుణాది దేవతలకు గౌరవవాచకమైన "అసుర" శబ్దం తరువాతి వాఙ్మయంలో దేవశత్రువాచకమైన తీరు ప్రాచ్యభాషావిదులకు తెలిసినదే. ఇరాను దేశంలో అదే పదం అహురగా పరమదైవపరంగా నిలిచింది. ప్రభుత్వవాచకమైన పదం మతసంఘర్షణలో నిషిద్ధం కావడం ఒక్క హీబ్రూకే పరిమితమైన పరిణామం కాదు.

పూర్వపద విచారం

మెరీబ్బయలు అనే పేరులో పూర్వపదం "రీబ్" అనే ధాతువుకు సంబంధించినదని ఒక మతం. వివాదం చేయడం, న్యాయస్థానంలో పక్షం వహించడం దాని అర్థాలు. అప్పుడు "ప్రభువు పక్షం వహించువాడు" అని గాని, "ప్రభువుతో వివాదపడువాడు" అని గాని చెప్పవచ్చు. పేర్లు సాధారణంగా దేవతాస్తుతిపరంగా ఉంటాయి కనుక మొదటిదే గ్రాహ్యం. 9వ అధ్యాయంలో ఈ పేరు రెండుసార్లు వస్తుంది. రెండవసారి ఒక బకారం తక్కువగా "మెరీ-బఅల్" అని ఉంది. దీనిని బట్టి పూర్వపదం "మెరీ" అనీ, దానికి ప్రియుడు లేదా వీరుడు అని అర్థం చెప్పవచ్చుననీ మరొక మతం.

మెఫీబోషెతులోని పూర్వపదం మరింత చిక్కైనది. "మిప్పీ" అనగా "నోటినుండి". ఆ ప్రకారం "అవమానపు నోటినుండి వచ్చినవాడు" అని సంప్రదాయార్థం. చెదరగొట్టడం అనే అర్థం గల వేరొక ధాతువు నుండి సాధించి "అవమానాన్ని చెదరగొట్టువాడు" అన్నవారు కలరు. గ్రీకు అనువాద ప్రతులలో అంతియొకయకు చెందిన లూషియను పేర ప్రసిద్ధమైన శాఖ సమూయేలు గ్రంథంలో "మెంఫిబాల్" అనే రూపాన్ని కాపాడింది. అంటే "మెఫీ" పూర్వపదంగా, "బఅల్" ఉత్తరపదంగా గల మూడవ రూపం కూడా ఒకటి ప్రచారంలో ఉండేది. అప్పుడు "ప్రభువు నోటినుండి", అనగా "ప్రభువు మాట వల్ల కలిగినవాడు" అనే సుందరమైన అర్థం వస్తుంది.

దీనిని బట్టి కొందరు పండితులు ఒక పరిష్కారం చూపారు. రిస్పా కుమారుని అసలు పేరు మెఫీబయలు, యోనాతాను కుమారుని అసలు పేరు మెరీబ్బయలు. రెండింటి తొలి భాగంలో హీబ్రూ లిపిలో భేదం ఒక్క హల్లు మాత్రమే. ఒకే వంశానికి చెందిన ఇద్దరి పేర్లు ప్రతులలో కలిసిపోయి, ఇద్దరూ మెఫీబోషెతులయ్యారు. ఇది ఊహే అయినా, లభ్యమైన మూడు రూపాలకూ సమాధానం చెప్పగల ఊహ.

పూర్వపక్షం: లేఖకుల సవరణ

"బోషెతు" అనగా హీబ్రూలో సిగ్గు, అవమానం. బఅల్ పేరు పలకడం పాపమని భావించిన లేఖకులు ఆ స్థానంలో బోషెతు అని రాశారన్నది చిరకాలంగా ప్రచారంలో ఉన్న వాదం. ఇతర దేవతల పేర్లు నోట రాకూడదన్న ఆజ్ఞ నిర్గమకాండం 23వ అధ్యాయంలో కలదు. హోషేయ 9వ అధ్యాయంలోను, యిర్మీయా 11వ అధ్యాయంలోను బోషెతు శబ్దం బఅల్ శబ్దానికి సమాంతరంగా ప్రయుక్తమైంది.

గ్రీకు అనువాదం కూడా ఈ వాదానికి తోడ్పడుతుంది. రాజుల మొదటి గ్రంథం 18వ అధ్యాయంలో, ఏలీయా కర్మెలు పర్వతం మీద ఎదుర్కొన్న బఅల్ ప్రవక్తలను గ్రీకు పాఠం "అవమానపు ప్రవక్తలు" అంటుంది. పురుషదేవత అయిన బఅల్‌కు గ్రీకులో అనేకచోట్ల స్త్రీలింగ ఉపపదం వాడబడింది. గ్రీకులో అవమానవాచకం స్త్రీలింగం. కంటికి బఅల్ అని కనబడినా, నోటితో అవమానం అని చదవాలన్న సూచన ఇందులో ఉందని 1881లో ఆగస్ట్ డిల్‌మన్ నిరూపించాడు. అంతకు ముందే 1857లో అబ్రహాం గైగర్ లేఖకుల బుద్ధిపూర్వకమైన సవరణలను విస్తారంగా చర్చించాడు. మోలెకు అనే దేవతానామంలోని అచ్చులు బోషెతు శబ్దం నుండి తెచ్చిపెట్టినవేనన్న ప్రతిపాదన ఆయన పేరుతోనే ప్రసిద్ధం.

ఈ వాదానికి గల ప్రధాన బలం యెరుబ్బయలు ఉదాహరణ. గిద్యోనుకు ఆ పేరు ఎట్లా వచ్చిందో న్యాయాధిపతుల గ్రంథం కథాపూర్వకంగా వివరించింది. ఆ కథ బఅల్ శబ్దం లేకుండా నడవదు. కాబట్టి యెరుబ్బెషెతు అనే రూపం తరువాత కల్పించబడిందే కావాలి.

దీని బలహీనత కూడా గమనించదగినది. సవరణ ఏకరూపంగా లేదు. సమూయేలు మొదటి గ్రంథం 12వ అధ్యాయంలో యెరుబ్బయలు అనే రూపం చెక్కుచెదరకుండా ఉంది. రెండవ గ్రంథం 5వ అధ్యాయంలో బఅల్ శబ్దంతో కూడిన స్థలనామం అట్లాగే నిలిచింది. నియమబద్ధంగా సవరించిన లేఖకుడు వీటిని ఎందుకు విడిచిపెట్టాడన్న ప్రశ్నకు తృప్తికరమైన సమాధానం లేదు. సవరణ చాలా అర్వాచీనమని చెప్పడానికీ వీలులేదు. మృతసముద్ర తీరంలోని కుమ్రాను 4వ గుహలో లభించిన సమూయేలు గ్రంథప్రతి క్రీ.పూ. 1వ శతాబ్దిది. అందులో సౌలు కుమారుని పేరు ఇష్బోషెతుకు బదులు మెఫీబోషెతు అని ఉన్న చోట్లు కలవు. అంటే బోషెతు రూపమే గాక, వ్యక్తుల పేర్ల కలయిక కూడా అప్పటికే జరిగిపోయింది.

పక్షాంతరం: బోషెతు గౌరవవాచకమే

1975లో మతిత్యాహు చెవాత్ ఒక కొత్త ప్రతిపాదన చేశాడు. అక్కదు భాషలో "బాష్తు" అనే పదం కలదు. దానికి గౌరవం, తేజస్సు, రక్షకశక్తి అనే అర్థాలున్నాయి. అక్కదు పురుషనామాలలో అది దైవసంబంధంగా తరచు వాడబడింది. హీబ్రూ పేర్లలోని బోషెతు ఆ బాష్తుకు సోదరపదమనీ, లేఖకులు దేనినీ మార్చలేదనీ, ఒక వ్యక్తికి రెండు పేర్లు ఉండవచ్చుననీ ఆయన మతం. 1998లో గోర్డన్ హామిల్టన్ ఈ పక్షాన్ని మరికొంత సామగ్రితో బలపరిచాడు.

అవమానార్థం గల పదమూ, గౌరవార్థం గల పదమూ ఒకే ధాతువు నుండి పుట్టడం మొదట వింతగా తోచవచ్చు. తెలుగువారికి ఇందులో వింత లేదు. "సిగ్గుచేటు" అన్నపుడు చెడేది సిగ్గు. అనగా అది ఉండవలసిన గుణం. "సిగ్గుమాలినవాడు" అన్నది తిట్టు. "సిగ్గుపడవలసిన పని" అన్నపుడు అదే మాట అవమానాన్ని సూచిస్తుంది. సంస్కృతంలో "హ్రీ" శబ్దం లజ్జావాచకమై ఉండి కూడా దైవత్వాన్ని పొందింది. తైత్తిరీయుల ఉత్తరనారాయణానువాకంలో హ్రీ లక్ష్మితో సమానంగా పరమపురుషుని పత్నిగా కీర్తింపబడింది. అధర్మానికి వెనుదీసే గుణమే మనిషికి తేజస్సు అన్న భావన రెండు సంస్కృతులలోనూ ఉన్నది. కావున చెవాత్ చెప్పిన అర్థపరిణామం అసంభవం కాదు.

ఇట్టి సందర్భంలో దుర్యోధన శబ్దం కూడా స్మరణీయం. "దుర్" ఉపసర్గ వినబడగానే నిందార్థాన్ని ఊహించి, అసలు పేరు సుయోధనుడే, కవి ద్వేషంతో మార్చాడని చెప్పడం లోకంలో కలదు. వ్యుత్పత్తిని బట్టి చూస్తే దుర్యోధనుడు అనగా కష్టంతో గాని ఎదిరించి పోరాడ శక్యం కానివాడు. అది వీరునికి తగిన పేరే. వినికిడిలో నిందగా తోచినది వ్యుత్పత్తిలో నింద కాకపోవచ్చు. పక్షాంతరవాదుల హెచ్చరికలోని సారం ఇదే.

శాసనసాక్ష్యం

గ్రంథపాఠాలు ఒకదానినొకటి ఖండించుకొనే చోట శాసనం ప్రమాణమవుతుంది. ఈ విషయంలో మూడు లేఖనాలు ముఖ్యమైనవి.

మొదటిది షోమ్రోను పెంకులేఖనం. ఉత్తర రాజ్యానికి రాజధాని అయిన షోమ్రోనులో 1910లో హార్వర్డ్ విశ్వవిద్యాలయం వారి తవ్వకాలలో సిరాతో రాసిన కుండపెంకులు బయల్పడ్డాయి. ద్రాక్షారసం, నూనెల లెక్కలవి. వీటి కాలం క్రీ.పూ. 8వ శతాబ్ది తొలి భాగం. వీటిలో 2వ సంఖ్య గల పెంకు మీద 10వ పాలనావత్సరపు లెక్క ఉంది. సరకు చేరవలసినవాడు గద్దియౌ. ఆ పేరు చివరిభాగం యెహోవా నామానికి సంక్షేపం. దాని కింద నలుగురి పేర్లున్నాయి. మొదటివాడు అబీబఅల్, చివరివాడు మెరీబఅల్. మన వ్యాసవిషయమైన పేరే అక్షరాలా అక్కడ ఉంది. బకారం ఒక్కటే ఉన్నందున మెరీ-బఅల్ అనే విభాగానికి కూడా అవకాశం కలుగుతున్నది. యెహోవా పేరు గలవానికి బఅల్ పేరు గలవారు ఒకే లెక్కలో సరకు పంపుకొన్నారు. పేరు వల్ల ఏర్పడిన వైరం ఆ పెంకు మీద కనబడదు.

ఈ పెంకు ఒక జాగ్రత్తను కూడా నేర్పుతున్నది. దాని మొదటి మూడు హల్లులు బ, ష, త. బోషెతు శబ్దంలోని హల్లులూ అవే. అక్కడ వాటి అర్థం మాత్రం "సంవత్సరంలో". అచ్చులు రాయని లిపిలో హల్లుల సామ్యాన్ని మాత్రమే నమ్మి అర్థనిర్ణయం చేయడం ఎంత ప్రమాదమో ఇది స్పష్టం చేస్తుంది.

రెండవది ఖిర్బెత్ కైయాఫాలోని జాడీ లేఖనం. యెరూషలేముకు నైరుతి దిశలో ఉన్న ఈ స్థలంలో 2012లో లభించిన జాడీ పెంకులను అతికించగా, "బేదా కుమారుడు ఎష్బఅల్" అనే అర్థం గల లేఖనం వెలువడింది. 2015లో ప్రకటితమైన ఈ లేఖనం కాలం క్రీ.పూ. 1000 ప్రాంతం. ఇతడు సౌలు కుమారుడు కాడు. తండ్రి పేరే వేరు. కాని దావీదు కాలానికి దరిదాపుల్లో ఎష్బఅల్ అనే పేరు సజీవ వ్యవహారంలో ఉండేదని ఇది నిరూపించింది.

మూడవది ఖిర్బెత్ అర్-రాయీలో దొరికిన చిన్న కూజా మీది లేఖనం. క్రీ.పూ. 1100 ప్రాంతానికి చెందిన దీనిని 2021లో ప్రకటించారు. అందులోని అక్షరాలను యెరుబ్బఅల్ అని చదివారు. ఇతడు గిద్యోనే అని చెప్పడానికి ఆధారం లేదు.

ఇందుకు భిన్నంగా యూదా రాజ్యంలో 8వ శతాబ్ది మొదలు చెర వరకు లభించిన ముద్రికలలో, లేఖనాలలో యెహోవా నామయుక్తమైన పేర్లు పుష్కలం. బఅల్ పేర్లు దాదాపు మృగ్యం. బఅల్ శబ్దం గౌరవం నుండి నిషేధానికి జారిన కాలాన్ని ఈ అభావమే సూచిస్తున్నది.

సిద్ధాంతం

పై సాక్ష్యాలను సమన్వయించగా తేలే అంశాలివి. యోనాతాను తన కుమారునికి పెట్టిన పేరు మెరీబ్బయలు. దానికి శాసనప్రమాణం, వంశావళిప్రమాణం రెండూ ఉన్నాయి. బెన్యామీను గోత్రంలోని విలుకాండ్ర వరకు అనేక తరాలు కొనసాగే ఆ వంశావళిలో పేర్లు కథకుల చేతిలో గాక కుటుంబస్మృతిలో నిలిచాయి. అందువల్లనే మార్పుకు లోనుకాలేదు. ఆ పేరులో ప్రభుశబ్దం యెహోవాపరమే కావచ్చును. తన పేరులోనే యెహోవాను ధరించిన యోనాతాను పరదేవతకు కుమారుణ్ణి అంకితం చేశాడనడానికి ఆధారం లేదు.

బోషెతు రూపాల విషయంలో, యెరుబ్బెషెతు ఉదాహరణ ఉన్నంతవరకు సవరణవాదమే బలవత్తరం. రెండు పేర్లున్నాయన్న సమాధానం ఒక వ్యక్తికి చెల్లవచ్చును గాని, ముగ్గురు వ్యక్తులకూ ఒకే క్రమంలో, అవే రెండు పదాల మధ్య వికల్పం కలిగిందనడం గౌరవదోషగ్రస్తం. అయితే పక్షాంతరం వ్యర్థం కాదు. బోషెతు అనే పదం పేర్లలో గౌరవార్థంలో చెల్లుబాటు కాగలదని అది చూపింది. సవరించిన లేఖకుడు పేరుగా చెల్లగల మాటనే ఎంచుకొన్నాడేమో. ఆ పదం వెనుక నిందను తప్ప మరేమీ చూడకపోవడం తరువాతివారి దృష్టి కావచ్చు.

సవరణ జరిగిందని అంగీకరించినా, నింద ఎవరికి? లేఖకుని దృష్టిలో అది బఅల్ అనే దేవతకు. ఆ పేరు ధరించిన మనిషికి కాదు. ఈ వివేచన మరుగునపడి, అవమానం ఆ మనిషికే అంటుకొన్నది. తల్మూదు బెరఖోత్ భాగంలో ఆ పేరుకు ఒక విచిత్ర వివరణ ఉంది. ధర్మశాస్త్ర చర్చలలో అతని నోటినుండి వచ్చిన మాటలు దావీదును సిగ్గుపరచేవట. ఇక్కడ అతడు రాజును మించిన పండితుడు. ఇది శబ్దవ్యుత్పత్తి కాకపోయినా, పేరులోని నిందను తొలగించడానికి చేసిన ప్రయత్నంగా ఆదరణీయం. ఇందుకు వ్యతిరేకంగా, అతని కుంటితనాన్నీ, పేరులోని అవమానాన్నీ ముడిపెట్టి చెప్పే వివరణ వినబడుతూ ఉంటుంది. అది రెండు విధాల అసంగతం. పేరు పుట్టుకతో వచ్చింది. కుంటితనం అయిదవయేట కలిగింది. పైగా బోషెతు శబ్దం తండ్రి పెట్టినదే కాదు. అంగవైకల్యం గల వ్యక్తికి అవమానమే పేరుగా తగినదన్న భావాన్ని గ్రంథం మీద ఆరోపించడం అన్యాయం.

అర్వాచీనార్థాన్ని ప్రాచీన నామధారి మీద ఆరోపించే దోషానికి మన శాస్త్రంలోనే ఒక ప్రసిద్ధోదాహరణ ఉంది. కర్నూలు జిల్లా ఎర్రగుడి శిలల మీద అశోకుడు తనను దేవతలకు ప్రియుడనని చెప్పుకొన్నాడు. అది రాజగౌరవబిరుదు. కాత్యాయనుని వార్తికంలో దేవానాంప్రియ శబ్దం షష్ఠీవిభక్తి లోపించని సమాసంగా మాత్రమే పేర్కొనబడింది. సిద్ధాంతకౌముది నాటికి మూర్ఖార్థంలో అన్న నియమం దానికి చేరింది. కౌముదిని చదివినవాడు ఎర్రగుడి శాసనం చూసి చక్రవర్తి తనను మూర్ఖుడనని చెప్పుకొన్నాడని అనడు గదా! మెఫీబోషెతు విషయంలో లోకం చేసింది అదే.

పరిష్కర్తల కర్తవ్యం

ఈ పేరు చరిత్ర నుండి పాఠపరిష్కర్తలు గ్రహించవలసినది కలదు. లేఖకుని సవరణ దుర్బుద్ధితో చేసింది కాదు. తన కాలపు భక్తికి అనుగుణంగా చేసింది. అట్టి సదుద్దేశం వల్లనే ఒక తండ్రి పెట్టిన పేరు కథలో నుండి పూర్తిగా అంతరించింది. దినవృత్తాంతములలోని పొడి వంశావళి, షోమ్రోనులోని ఒక పన్నుల లెక్క మిగలకపోతే మనకు అది తెలిసేదే కాదు. కావ్యప్రతులలో అసభ్యమని గాని, అసంప్రదాయమని గాని తోచిన పాఠాన్ని "మంచి" పాఠంతో మార్చే పరిష్కర్త ఇదే పని చేస్తున్నాడు. పుణేలోని భండార్కర్ సంస్థ 1933లో సుక్థంకర్ సంపాదకత్వంలో వెలువరించిన ఆదిపర్వం మొదలుగా 1966లో పూర్తిచేసిన మహాభారత పరిష్కరణ, తిరస్కృత పాఠాలను సైతం పుట అడుగున కాపాడి మనకు మార్గం చూపింది. అచ్చుప్రతిలో ఏ పాఠాన్ని నిలిపినా, రెండవదానిని చదువరికి దూరం చేయరాదు.

తెలుగు బైబిలు రెండు గ్రంథాలలోనూ రెండు రూపాలను ఉన్నవి ఉన్నట్లే ఉంచింది. అది మెచ్చదగిన నిష్ఠ. రెండూ ఒకే వ్యక్తివని తెలిపే ఒక చిన్న సూచిక దానికి తోడైతే, ఈ విషయం బోధించే అధ్యాపకునికీ, విద్యార్థికీ మేలు. దావీదు ఆ యువకునికి తాతగారి భూమిని తిరిగి ఇప్పించాడు. పేరును తిరిగి ఇప్పించే పని భాషాశాస్త్రానికి మిగిలింది.